కాలినడకన పురదర్శనము

మన ప్రబంధ కవులు కావ్యారంభమున పురవర్ణనము చేయుట ఆచారము. ఆ వర్ణనలలో కోటలు ఆకాశము నంటును. అగడ్తలు పాతాళమును తాకును. మేడలపై చంద్రుడు విశ్రమించును. చదువుటకు ఇంపుగా నుండును గాని, ఆ పురమున సామాన్యుడు ఏ వీథిలో నడచెనో, ఎచ్చట భోజనము చేసెనో, ఎవరి పాట వినుచు నిలిచెనో తెలియదు. పేరు మార్చినచో ఒక పురవర్ణనము వేరొక పురమునకును సరిపోవును.

ఈ లోపము లేని గ్రంథము మన సాహిత్యమున ఒకటి కలదు. అది క్రీడాభిరామము. దానిని రచించినది వినుకొండ వల్లభరాయడని కొందరు, శ్రీనాథుడని కొందరు పండితులు వాదించిరి. కర్త యెవరైనను గ్రంథవిషయము మాత్రము సుస్పష్టము. మంచనశర్మ యను బ్రాహ్మణుడును, టిట్టిభసెట్టి యను వర్తకుడును, మిత్రులిద్దరు ఓరుగంటి వీథులలో ఒక దినమెల్ల తిరుగుదురు. వారికి పల్లకి లేదు, పరివారము లేదు. పల్నాటి వీరుల కథ పాడువారిని విందురు; కోడిపందెములు చూతురు; పూటకూళ్ళ యింట రూక యిచ్చి భోజనము చేయుదురు; మాచల్దేవి యింటి చిత్రశాలను కన్నులార కాంతురు. కాకతీయుల కాలపు జనజీవనమును తెలిసికొనగోరువారికి ఇంతటి ఆధారము వేరొకటి అరుదు. సురవరము ప్రతాపరెడ్డిగారు 1949లో వెలువడిన తమ 'ఆంధ్రుల సాంఘిక చరిత్ర'లో ఈ గ్రంథమును విరివిగా ఉపయోగించుకొనుటకు కారణ మిదియే.

1323లో ఓరుగల్లు పడిపోయినది. నేడు కోటలోనికి పోయినవారికి నాలుగు దిక్కుల నాలుగు శిలాతోరణములును, చెదరిన స్తంభములును కనబడును. పూటకూళ్ళ యిల్లు కనబడదు. చిత్రశాల కనబడదు. రాజు నిలిపిన తోరణమును రాయి కాపాడినది. పేదవాడు భుజించిన యింటిని నడచి చూచినవాని వ్రాత కాపాడినది. పట్టణ చరిత్రకు ఈ రెండును కావలెను. మొదటిది ఎవరి కంటనైనను పడును. రెండవది మాత్రము ఎవరో యొకరు తమ కాళ్ళతో నడచి, తమ చెవులతో విని వ్రాయకున్నచో మాసిపోవును.

తరువాతి కాలమున తెలుగువారిలో యాత్ర చేసి వ్రాసినవారిలో ప్రసిద్ధుడు ఏనుగుల వీరాస్వామయ్య. ఆయన 1830లో చెన్నపట్నము నుండి కాశికి బయలుదేరి 1831లో మరలి వచ్చెను. దారిలో హైదరాబాదును దర్శించి తాను కన్నదానిని కాశీయాత్రచరిత్రలో లిఖించెను. అది 1838లో అచ్చయినది. ఆయన ప్రయాణము పల్లకిలో, బోయీలతో, పెద్ద పరివారముతో సాగినది. అయినను దినచర్యగా వ్రాసికొనుటచేత ఆనాటి దారులు, ఊళ్ళు, మజిలీలు మనకు దక్కినవి.

నేడు హైదరాబాదు పాతబస్తీలో మంచనశర్మ పద్ధతియే తిరిగి కనబడుచున్నది. ఉదయపు వేళ, అంగళ్ళు తెరువకముందు, పదిమందికి మించని చిన్న బృందములు చరిత్ర తెలిసిన యొకరి వెంట చార్మినారు వీథులలో నడచుచుండును. పర్యాటకశాఖవారును, చరిత్రాభిమానులును ఇట్టి నడకలను నడపిరి. ఏప్రిల్ 18వ తేది ప్రపంచ వారసత్వ దినము గనుక నాడు ఇవి మరింత కనబడును. 2008లో శంషాబాదున విమానాశ్రయము తెరచిన పిదప దూరదేశీయులకు ఈ వీథులు చేరువైనవి. బడంగ్‌పేట వాసులకు అంతకంటెను చేరువ. బాలాపూరు మీదుగా చాంద్రాయణగుట్ట చేరి, అలియాబాదు, షాలిబండ దాటినచో చార్మినారు ఎదుట నిలుచును. ఐనను మనలో పెక్కుమంది అచ్చటికి గాజులకో, పెండ్లి బట్టలకో పోయినవారే గాని, ఆ వీథిని చదువుటకు పోయినవారు తక్కువ.

ఆ నడక మూసీ యొడ్డున ఆరంభమైనచో కథ వరుసగా తెలియును. 1578లో ఇబ్రహీం కుతుబ్‌షా కాలమున గోలకొండ నుండి ఆవలియొడ్డునకు దాటుటకై పురానాపూల్ కట్టబడినది. తెలుగు కవులు మల్కిభరామునిగా కీర్తించినది ఈ ఇబ్రహీమునే; అద్దంకి గంగాధరకవి తపతీసంవరణోపాఖ్యానమును ఆయనకే అంకిత మిచ్చెను. వంతెన ముందు వచ్చినది. నగరము తరువాత వచ్చినది. ఆయన కుమారుడు మహమ్మదు కులీ 1591లో చార్మినారును నిలిపి, దానిని నాభిగా చేసికొని నాలుగు దిక్కులకు నాలుగు వీథులు తీర్పించెను. పురనిర్మాణ ప్రణాళికలో ఆయన మంత్రి, ఇరాను దేశపు పండితుడు మీర్ మోమిన్ ప్రముఖుడు. గోలకొండ నుండి మచిలీబందరుకు పోవు వర్తకపు బాట ఈ నగరమునకు ప్రాణము. వజ్రములును, వస్త్రములును ఆ దారిననే సముద్రమునకు చేరెడివి.

నది నుండి దక్షిణముగా నడచువారికి మొదట పత్తర్‌గట్టి రాతి అంగళ్ళు ఎదురగును. వానిని కుతుబ్‌షాహీల కట్టడములని భ్రమపడువారు కలరు. అవి వరద తెచ్చిన కట్టడములు. 1908 సెప్టెంబరు 28న మూసీ పొంగి వేలాది ప్రాణములను, ఇండ్లను తీసికొని పోయినది. మోక్షగుండము విశ్వేశ్వరయ్యగారి ఆలోచన ననుసరించి నదిని అదుపు చేయు జలాశయములు తలపెట్టబడినవి. 1920లో ఉస్మాన్‌సాగరు, 1927లో హిమాయత్‌సాగరు పూర్తియైనవి. 1912లో నగరాభివృద్ధి సంస్థ ఏర్పడి వీథులను వెడల్పు చేసి, ఇరుకు బస్తీలను సవరించి, పత్తర్‌గట్టిలో ఒకే వరుసను, ఒకే తీరున రాతి అంగళ్ళు కట్టించినది. శంషాబాదు ప్రాంతమువా రెరిగిన హిమాయత్‌సాగరు కట్టయు, పత్తర్‌గట్టి కమానులును ఒకే దుఃఖమునకు పుట్టిన తోబుట్టువు లని నడచి వినిననే తెలియును.

అచ్చటికి చేరువనే దీవాన్ దేవిడీ యను పేరు వినబడును. సాలార్‌జంగు వంశీయుల మహాభవన మది. 1951 డిసెంబరు 16న నెహ్రూగారు సాలార్‌జంగు మ్యూజియమును ప్రారంభించినది ఆ భవనముననే. 1968లో వస్తుజాలము మూసీ యొడ్డున కట్టిన క్రొత్త భవనమునకు తరలినది. దేవిడీలో అధికభాగము కూలగొట్టబడి, ఆ నేల అంగళ్ళ పాలైనది. ద్వారమును, పేరును మిగిలినవి. లోపలి దీపములు, గడియారములు, కత్తులు లెక్కప్రకారము భద్రముగా ఉన్నవి. వానికి నీడ నిచ్చిన యిల్లు లేదు. వస్తువునకు లెక్కపుస్తకము ఉన్నది, ఇంటికి లేకపోయినది.

మరికొంత నడచిన చార్ కమానులు. చార్మినారు వెలసిన మరుసటి యేడు, 1592లో, నాలుగు దిక్కుల నాలుగు ఎత్తయిన కమానులు, నడుమ గుల్జార్ హౌజు నిర్మింపబడినవి. ఓరుగంటి నాలుగు తోరణములను చూచినవారి మనస్సునకు ఇచ్చట అవి జ్ఞప్తికి రాక మానవు. బండిలో పోవువాడు కమాను క్రింది నుండి దూరిపోవును. నడచువాడు ఆగి తల యెత్తును. రాతిపై సున్నపుగచ్చు ఎంత మందమో, చేర్చి కట్టిన అంగడి కమాను కాలిని ఎంత మ్రింగినదో వానికే కనబడును.

చార్మినారును దాటిన మక్కామసీదు. 1617లో ఆరంభమైన ఈ కట్టడము కుతుబ్‌షాహీల కాలమున ముగియలేదు. 1687లో గోలకొండ ఔరంగజేబు వశమైనది. 1694లో మసీదు పూర్తియైనది. పదునేడవ శతాబ్దిలో వచ్చిన ఫ్రెంచి వర్తకుడు తావెర్నియే పని నడచుచుండగా చూచి ఒక విశేషము వ్రాసెను. ప్రార్థనాస్థలపు గూటికి వలసిన ఒక్క పెద్దరాతిని గని నుండి తీయుటకు ఐదారువందల మంది ఐదేండ్లు శ్రమించిరనియు, దానిని లాగుటకు పదునాలుగు వందల ఎద్దులు కావలసివచ్చెననియు ఆయన చెప్పెను. కట్టించిన ప్రభువుల పేర్లు చరిత్రలో ఉన్నవి. ఆ ఎద్దులను తోలినవారిలో ఒక్కని పేరును లేదు. దారిన పోయిన పరదేశీయుడు సంఖ్య యైనను వ్రాసికొనెను గనుక ఆ శ్రమ మనకు తెలిసినది.

పడమటికి తిరిగిన లాడ్‌బజారు. అచ్చట లక్కగాజుల పనివారు కుంపటిపై లక్కను మెత్తపరచి, కడ్డీగా సాగదీసి, గుండ్రముగా వంచి, చల్లారకముందే అద్దపురాళ్ళను ఒక్కొక్కటిగా పొదుగుదురు. కొంచెము ఆలస్యమైన రాయి నిలువదు. కొంచెము తొందరపడిన వ్రేలు కాలును. హైదరాబాదు లక్కగాజులకు 2024లో భౌగోళిక గుర్తింపు లభించినది. ఆ గుర్తింపు సరకునకు రక్ష. పనివాని చేతివాటమును తెలిసికొనవలెనన్న వాని ఎదుట కొంతసేపు నిలువవలసినదే. నలువదిమంది ఒక్కమారు పోయిన వాని గుమ్మము మూసికొనిపోవును. ఎనమండుగురైనచో వాడు తలయెత్తి మాటాడును. బృందము చిన్నదిగా నుండవలెననుటకు ముఖ్యకారణ మిది.

ఈ విషయమున పరదేశపు అనుభవమును తెలిసికొనుట మేలు. జపాను దేశపు పూర్వ రాజధాని క్యోటో 794లో వెలసినది. అచ్చటి గియోను పేటలో పాత కొయ్యయిండ్లు, టీశాలలు, నర్తకీమణుల నివాసములు ఉన్నవి. చిన్న బృందములను కాలినడకన త్రిప్పి చూపు పద్ధతి అచ్చటను కలదు. కాని చూడవచ్చు జనము మితిమీరి, ఇంటి గుమ్మములలో నిలిచి ఛాయాచిత్రములు తీయుట మొదలిడగా, ఆ పేటవారు 2024లో తమ సొంత సందులలోనికి యాత్రికులు రారాదని కట్టడి చేసిరి. వీథి చరిత్రయే గాని, వీథిలో నివసించువారు వస్తుశాలలోని బొమ్మలు కారు. ఇది గియోనుకును, లాడ్‌బజారునకును, ఏ పల్లెకైనను ఒక్కటే నీతి.

నడక చౌమహల్లా సౌధమున ముగియుట పరిపాటి. పదునెనిమిదవ శతాబ్ది నడుమ ఆరంభమై, అఫ్జలుద్దౌలా ప్రభుత్వమున, 1857, 1869 సంవత్సరముల మధ్య పూర్తియైన ఈ రాజగృహము చిరకాలము పాడుపడియుండి, శ్రద్ధతో బాగుచేయబడి, 2010లో యునెస్కో పురస్కారము నందినది. మనస్సున్నచో పాతకట్టడమును నిలుపవచ్చునని అది సాక్ష్యము చెప్పుచున్నది.

అచ్చట నుండి బడంగ్‌పేటకు మరలువారు షాలిబండ, అలియాబాదుల మీదుగా వత్తురు. పూర్వము నగరము చుట్టును ప్రాకారముండెడిది; మొగలు సుబేదారు ముబారిజుఖాను ఆరంభింపగా మొదటి ఆసఫ్‌జాహి కాలమున అది పూర్తియైనది. దానికి పదమూడు దర్వాజాలు. అందు పురానాపూలు దర్వాజా, దబీరుపురా దర్వాజా నేటికిని నిలిచియున్నవి. దక్షిణపు పల్లెలవారికి నగరద్వారమైన అలియాబాదు దర్వాజా లేదు. లాల్ దర్వాజా లేదు. ఆషాఢమున బోనముల నాడు లక్షలాది జనులు ఆ పేరు పలుకుదురు గాని, ద్వార మెట్లుండెనో చెప్పగలవారు అరుదు. గౌళీపురా దర్వాజాయు పోయినది. పోయిన ద్వారములకు పేరు మాత్రమే సమాధిఫలకము.

నగరమున కిది జరిగినది, పల్లెకు జరుగదా? నగరము పొంగి వచ్చి పల్లెలను కలుపుకొనుచున్న దినములివి. చేనులు ఇండ్లస్థలములైనవి, బండ్లబాటలు కాలనీ రోడ్లయినవి. గ్రామపు లెక్కలలో సర్వే నంబరు, విస్తీర్ణము, శిస్తు, పట్టాదారు పేరు ఉండును. కాని గట్టున నున్న చింతచెట్టు క్రింద పంచాయతీ ఎవరు చేసిరో, ఏ బావి నీరు ఏ వాడవారికి అందెనో, ఏ బండపై ధాన్యము నూర్చిరో ఏ పహాణీలోను ఉండదు. అది వృద్ధుల నాలుకపై ఉన్నది, వారితో పోవును.

1901లో హైదరాబాదున శ్రీకృష్ణదేవరాయాంధ్ర భాషానిలయమును స్థాపించిన పెద్దలు తెలుగువాని చేతికి తెలుగు పుస్తక మందింపవలెనని శ్రమించిరి. గ్రంథాలయము పుస్తకములను దాచుచోటు మాత్రమే కాదు. పుస్తకము పుట్టు చోటు గూడ. రజతోత్సవము జరుపుకొను గ్రంథాలయపు చందాదారులు ఐదారుగురు ఒక ఆదివారము ఉదయమున చార్మినారు వీథులు నడచి రావచ్చును. మరుసటి ఆదివారము ఒక వృద్ధుని వెంట తమ యూరి వీథులే నడువవచ్చును. విన్నది విన్నట్లు, ఎవరు చెప్పిరో, ఏ దినము చెప్పిరో గుర్తించి ఒక పుస్తకమున వ్రాసి బీరువాలో ఉంచిన చాలును. దానికి కవిత్వ మక్కరలేదు.

ఓరుగంటి పూటకూళ్ళ యింటిలో పొయ్యి ఆరి ఆరువందల యేండ్లు దాటినది. ఇద్దరు మిత్రులు నడచిన త్రోవ వ్రాతలో నిలుచుటచేత ఆ భోజనపు వాసన నేటికిని మనకు తగులుచున్నది.