విలియం రోచ్: పదమూడు భాగాలకు వచ్చి ఆరు దశాబ్దాలు దాటిన నటుడు

విలియం ప్యాట్రిక్ రోచ్ (జననం: 1932 ఏప్రిల్ 25) బ్రిటిష్ టెలివిజన్ నటుడు. ఐటీవీలో వచ్చే ‘కారొనేషన్ స్ట్రీట్’ సీరియల్‌లో కెన్ బార్లో పాత్రను తొలి భాగం ప్రసారమైన 1960 డిసెంబర్ 9 నుంచి ఆయనే పోషిస్తున్నారు. ఆ రోజు తెర మీద కనిపించిన వాళ్లలో ఇప్పటికీ ఆ వీధిలో మిగిలింది ఆయన ఒక్కరే. ఒకే టీవీ పాత్రలో అత్యధిక కాలం కొనసాగిన నటుడిగా గిన్నిస్ పుస్తకానికి ఎక్కారు. రికార్డు సంగతి అలా ఉంచితే, అసలు విశేషం మరొకటి ఉంది. ‘వట్టి చప్పిడి మనిషి’ అని దేశమంతా ఆటపట్టించిన పాత్రను ఆయన కథకు నడుమ నిలబెట్టారు, అదీ అరవై ఏళ్లకు పైగా.

రోచ్ నాటింగ్‌హామ్‌లోని బాస్‌ఫర్డ్‌లో పుట్టి, పక్కనే ఉన్న డార్బీషైర్‌లోని ఇల్కెస్టన్‌లో పెరిగారు. తండ్రి, తాత ఇద్దరూ డాక్టర్లు. చదువు ఉత్తర వేల్స్‌లోని రైడల్ బోర్డింగ్ స్కూల్లో సాగింది. కార్మిక కుటుంబంలో పుట్టి, పై తరగతి వాళ్ల మధ్య ఇమడలేక అవస్థ పడే కుర్రాడి పాత్ర కలిగినవాళ్ల ఇంటి బిడ్డకు దక్కడం చిత్రమే. చదువు అయ్యాక రాయల్ వెల్ష్ ఫ్యుజిలియర్స్ అనే పటాలంలో చేరి కెప్టెన్ హోదా దాకా వెళ్లారు. జమైకాలో, జర్మనీలో పనిచేశారు. నేటి ఎమిరేట్స్ ఉన్న ఎడారి ప్రాంతంలో ‘ట్రూషియల్ ఒమన్ స్కౌట్స్’ దళంలోనూ కొంతకాలం ఉన్నారు. సైన్యంలో ఉండగా మోర్టార్ పేలుడు వల్ల వినికిడి కొంత దెబ్బతింది. 1956లో సైన్యం వదిలి, నటుడు కావాలని బయల్దేరారు.

మొదట్లో అందరిలాగే చిన్నాచితకా వేషాలు. 1958లో ‘బిహైండ్ ద మాస్క్’, 1960లో హాస్యనటుడు నార్మన్ విజ్‌డమ్ సినిమా ‘ద బుల్‌డాగ్ బ్రీడ్’. మాంచెస్టర్‌లోని గ్రెనాడా టెలివిజన్ వాళ్ల ‘మార్కింగ్ టైమ్’ అనే టీవీ నాటకంలో మాత్రం ప్రధాన పాత్ర దొరికింది. అది ప్రసారమైతే తన దశ తిరుగుతుందని ఆయన ఆశ. సరిగ్గా అప్పుడే అదే సంస్థ కొత్త సీరియల్‌కు పిలిచింది. ఆయనకు పెద్దగా ఇష్టం లేదు. ఎంతా, పదమూడు భాగాలే కదా అని ఒప్పుకున్నారు.

ఆ సీరియల్‌ను ఊహించినవాడు టోనీ వారెన్. అప్పటికి వయసు ఇరవై నాలుగు. మాంచెస్టర్ పక్కనున్న సాల్ఫర్డ్‌లో గోడకు గోడ ఆనుకుని ఉండే ఇటుక ఇళ్లు, మూల మీద చిల్లర దుకాణం, చివర సారాకొట్టు... ఇలాంటి వీధి ఒకదాన్ని తీసుకుని, అక్కడి మనుషులు అక్కడి యాసలోనే మాట్లాడుకునేలా రాశాడు. ఊరికి వెదర్‌ఫీల్డ్ అని కల్పిత నామం పెట్టాడు. సీరియల్‌కు మొదట అనుకున్న పేరు ‘ఫ్లోరిజెల్ స్ట్రీట్’. అది నేల కడిగే ఫినాయిల్ పేరులా ఉందన్న మాట రావడంతో ‘కారొనేషన్ స్ట్రీట్’ ఖాయమైంది. అప్పటి బ్రిటిష్ తెర మీద ఉత్తరాది యాస వినిపిస్తే సాధారణంగా అది నవ్వించడానికే. షీలా డెలానీ ‘ఎ టేస్ట్ ఆఫ్ హనీ’ నాటకం, నాటింగ్‌హామ్ కార్మికుడి కథతో వచ్చిన ‘సాటర్డే నైట్ అండ్ సండే మార్నింగ్’ సినిమా ఆ పద్ధతిని అప్పుడప్పుడే మారుస్తున్నాయి. వారెన్ ఆ మార్పును జనం ఇళ్లలోకి తెచ్చాడు. డైలీ మిర్రర్ విమర్శకుడు మాత్రం ఈ సీరియల్ మొదట్లోనే చతికిలబడుతుందని జోస్యం చెప్పాడు.

తొలి భాగం ప్రత్యక్ష ప్రసారం. తప్పు జరిగితే దిద్దుకునే వీల్లేదు. అందులో కెన్ యూనివర్సిటీలో చదువుకుంటున్న కుర్రాడు. తండ్రి ఫ్రాంక్ తపాలా ఉద్యోగి, తల్లి ఐడా హోటల్లో పని చేస్తుంది. భోజనాల బల్ల మీద సాస్ సీసా పెట్టడం, దాన్ని తండ్రి కూరలో వంపుకోవడం కొడుక్కి నామోషీ. ఆ చూపును తండ్రి పసిగడతాడు. ఆ సాయంత్రం కెన్ తన స్నేహితురాలు సూజన్ కన్నింగ్‌హామ్‌ను కలవాల్సింది తల్లి పనిచేసే హోటల్లోనే. ఆ హోటల్లో డబ్బు తగలేయడం తండ్రికి గిట్టదు. చివరికి ఆ పిల్లే వీళ్లింటికి వస్తుంది. వచ్చేసరికి తండ్రీ తమ్ముడూ ఇంట్లో సైకిల్ ట్యూబు ముందేసుకుని పంక్చర్ వేస్తుంటారు. కథ అంటే ఇంతే. అయితే యుద్ధానంతర బ్రిటన్‌లో ప్రభుత్వ గ్రాంటుతో చదువుకుని పైకొచ్చిన తరం తమ ఇళ్లలో పడ్డ ఇబ్బంది అంతా ఆ ఒక్క సీసాలో ఇమిడిపోయింది. రోచ్ ఆ సన్నివేశంలో గొంతు పెంచరు. చూపు తిప్పుకుంటారు, ముక్తసరిగా జవాబిస్తారు.

చదువుకున్న కెన్ వీధి వదిలి వెళ్లిపోవాలి కదా? వెళ్లలేదు. అణుబాంబు వ్యతిరేక ఊరేగింపులో నడిచాడు, బడిపంతులయ్యాడు, ‘వెదర్‌ఫీల్డ్ రికార్డర్’ పత్రిక నడిపాడు, అది పోయాక దొరికిన పనల్లా చేశాడు. 1962లో వ్యాలరీని పెళ్లాడాడు. కవలలు పుట్టారు. 1971 జనవరిలో పాడైన హెయిర్ డ్రయర్ ప్లగ్గు తగిలి వ్యాలరీ చనిపోయింది. రెండో భార్య జానెట్ ఆత్మహత్య చేసుకుంది. మొత్తం మీద ముగ్గురు భార్యలు, నాలుగు పెళ్లిళ్లు. లెక్క తప్పలేదు, మూడో భార్య డియర్డ్రీనే అతను రెండుసార్లు చేసుకున్నాడు.

డియర్డ్రీగా నటించినది ఆన్ కర్క్‌బ్రైడ్. 1981 జూలై 27న ఆ పాత్రలకు తెర మీద పెళ్లయింది. చార్లెస్, డయానాల పెళ్లికి రెండు రోజుల ముందు. దాదాపు 2 కోట్ల 40 లక్షల మంది చూశారు. రెండేళ్లు తిరక్కుండానే ఫ్యాక్టరీ యజమాని మైక్ బాల్డ్విన్ (నటుడు జానీ బ్రిగ్స్) వైపు డియర్డ్రీ మనసు మళ్లింది. ఆమె ఎవరితో ఉండాలన్నది 1983 ఫిబ్రవరిలో దేశంలో పెద్ద చర్చ అయింది. మాంచెస్టర్ యునైటెడ్ వాళ్ల ఓల్డ్ ట్రాఫర్డ్ మైదానంలో మ్యాచ్ నడుస్తుండగా, డియర్డ్రీ భర్త దగ్గరే ఉండిపోయిందన్న కబురు స్కోరు బోర్డు మీద వెలిగింది. కెన్, మైక్‌ల పగ ఇరవై ఏళ్లకు పైగా నడిచింది. కెన్ కూతురు సూజన్‌నే మైక్ పెళ్లాడి ఆ పగకు ఆజ్యం పోశాడు. 2006లో మతిమరుపు జబ్బుతో నడివీధిలో కుప్పకూలిన మైక్ చివరికి కెన్ చేతుల్లోనే ప్రాణం వదిలాడు. ఇద్దరు నటులూ పాతికేళ్ల వైరాన్ని ముఖాల మీద మోసుకొచ్చి ఆ సన్నివేశం ఆడారు. సినిమాలో రెండు గంటల పరిచయంతో ఆ బరువు రాదు. సీరియల్ నటనకు మాత్రమే అందే ఫలం అది.

కెన్ నిజంగానే చప్పిడి మనిషా? పుస్తకాల పురుగు, ఉపన్యాసాలు దంచుతాడు, కార్డిగన్ వదలడు. ఇవన్నీ నిజమే. కానీ ఎనా షార్పుల్స్, ఎల్సీ టానర్ లాంటి గయ్యాళి, గడసరి ఆడవాళ్లు ఏలిన సీరియల్‌లో, అరుపుల మధ్య నింపాదిగా వినేవాడొకడు ఉండి తీరాలి. ఎదుటివాళ్ల సన్నివేశాలు పండేలా తాను వెనక్కి తగ్గడం రోచ్ పద్ధతి. ఇలాంటి నటనకు చప్పట్లు తక్కువ, ఆయుష్షు ఎక్కువ. నిజజీవితంలో ఆయన కన్సర్వేటివ్ పార్టీ అభిమాని. వామపక్షం వైపు మొగ్గే కెన్ నోట పలికే మాటలు చాలావరకు ఆయన ఒప్పుకోనివే. చూసేవాళ్లకు ఆ అతుకు కనిపించదు.

ఈ ‘చప్పిడి’ ముద్రే ఆయన్ను కోర్టుకెక్కించింది. పాత్రలాగే మనిషీ విసుగు పుట్టిస్తాడనీ, తోటి నటులకు ఆయనంటే పడదనీ ‘ద సన్’ పత్రిక రాసింది. రోచ్ పరువునష్టం దావా వేశారు. 1991లో జ్యూరీ ఆయన పక్షాన తీర్పిచ్చి 50,000 పౌండ్లు ఇప్పించింది. గెలిచానని ఆయన అనుకున్నారు. చిక్కు అప్పటి ఇంగ్లిష్ న్యాయవిధానంలో ఉంది. విచారణకు ముందే ప్రతివాది రాజీ కింద కొంత సొమ్ము కోర్టులో జమ కట్టే వీలుండేది. ఆ సంగతి జ్యూరీకి చెప్పేవారు కాదు. వాది దాన్ని కాదని విచారణకు వెళ్లాక తీర్పు మొత్తం ఆ సొమ్మును మించకపోతే, జమ కట్టిన నాటి నుంచి అయిన ఖర్చులు వాది నెత్తినే పడేవి. పత్రిక జమ కట్టినదీ సరిగ్గా 50,000 పౌండ్లే! ఒక్క పౌండు ఎక్కువ వచ్చినా కథ వేరేగా ఉండేది. ట్రయల్ జడ్జి ఖర్చులు ఆయనకే ఇప్పించినా అప్పీలు కోర్టు దాన్ని తిప్పికొట్టింది. ఆ తర్వాత తన లాయర్ల మీదే నిర్లక్ష్యం దావా వేసి అదీ ఓడిపోయారు. 1999లో దివాలా ప్రకటించాల్సి వచ్చింది. పత్రికతో నడిచిన కేసులో అప్పీలు కోర్టు ఇచ్చిన తీర్పును ఖర్చుల వివాదాల్లో ఇంగ్లిష్ న్యాయవాదులు ఇప్పటికీ ఉదహరిస్తారు.

ఇంట్లోనూ కష్టసుఖాలు రెండూ చూశారు. మొదటి భార్య నటి ఆనా క్రాపర్. వాళ్ల కొడుకు లైనస్ రోచ్ తర్వాతి కాలంలో ‘వైకింగ్స్’ సిరీస్‌లో ఎక్‌బర్ట్ రాజుగా మన దగ్గరి ఓటీటీ ప్రేక్షకులకూ తెలిసినవాడే. రెండో భార్య సారాతో కలిగిన కూతురు ఎడ్వినా 1984లో పసితనంలోనే చనిపోయింది. 2009లో సారా కూడా కన్నుమూశారు.

లైనస్ చిన్నప్పుడు ఇదే సీరియల్‌లో కెన్ కొడుకు పీటర్‌గా కనిపించాడు. 2010లో రచయితలు తొలి భాగంలోని సూజన్ కన్నింగ్‌హామ్‌ను తవ్వి తీశారు. అప్పట్లో ఆమెకు కెన్ వల్ల కొడుకు పుట్టాడనీ, ఆ సంగతి అతనికి యాభై ఏళ్లు తెలియదనీ కథ అల్లారు. ఆ కొడుకు లారెన్స్‌గా లైనస్, మనవడిగా రోచ్ మరో కొడుకు జేమ్స్ నటించారు. సీరియల్ పుట్టుక మీద అదే ఏడాది బీబీసీ తీసిన ‘ద రోడ్ టు కారొనేషన్ స్ట్రీట్’లో యువ విలియం రోచ్ వేషమూ జేమ్స్‌దే. స్వర్ణోత్సవం రోజున, 2010 డిసెంబర్ 9న, సీరియల్ మళ్లీ ప్రత్యక్ష ప్రసారానికి దిగింది. ట్రామ్ పట్టాలు తప్పి వీధి మీద పడ్డాక జరిగిన కథ గంటసేపు నడిచింది. ఎనభైకి దగ్గరపడ్డ రోచ్ అందులోనూ ఉన్నారు.

2013లో పాతకాలపు లైంగిక నేరారోపణలపై అరెస్టయి ఆయన తెరకు దూరమయ్యారు. 2014 ఫిబ్రవరి 6న ప్రెస్టన్ క్రౌన్ కోర్టు జ్యూరీ అన్ని అభియోగాల్లోనూ నిర్దోషిగా తేల్చింది. ఆగస్టులో కెన్ తిరిగి తెర మీదకు వచ్చాడు.

2015 జనవరిలో ఆన్ కర్క్‌బ్రైడ్ చనిపోయారు. ఆ జూలైలో సీరియల్‌లో డియర్డ్రీ మరణం చూపించారు. ముప్పై ఏళ్లకు పైగా జంటగా నటించిన మనిషి పోయిన దుఃఖాన్ని, పోయిన భార్య కోసం పాత్ర పడే దుఃఖాన్ని ఒకే శరీరంతో నటించాల్సి వచ్చింది. ఆ భాగాల్లో ఆయన నటన ఈ సుదీర్ఘ ప్రయాణంలోనే మేలైనదని ఈ వ్యాసకర్త అభిప్రాయం. ఆ తర్వాత వృద్ధుడని రచయితలు కెన్‌ను మూలకు నెట్టేయలేదు. 2016లో అతనికి పక్షవాతం వచ్చింది. 2017లో ఎవరో మెట్ల మీద నుంచి తోసేశారు, తోసింది కన్నకొడుకు డేనియల్ అని తేలింది.

2001లో ఎంబీఈ, 2022 నూతన సంవత్సర పురస్కారాల్లో ఓబీఈ రోచ్‌ను వరించాయి. పాత్రతో తన సాంగత్యం గురించి ‘కెన్ అండ్ మి’, ‘50 ఇయర్స్ ఆన్ ద స్ట్రీట్’ పుస్తకాలు రాశారు. మొదటి గిన్నిస్ గుర్తింపు 2010లో వచ్చింది. అమెరికాలో ‘యాజ్ ద వరల్డ్ టర్న్స్’ ఆ సెప్టెంబరులో ఆగిపోవడంతో, అందులో 1960 నుంచి నటిస్తున్న డాన్ హేస్టింగ్స్‌ను ఆయన దాటేశారు. రేడియోను కూడా లెక్కలోకి తీసుకుంటే పోటీ ఉంది. బీబీసీ ‘ద ఆర్చర్స్’లో జిల్ ఆర్చర్ పాత్రకు ప్యాట్రిషియా గ్రీన్ 1957లోనే గొంతు అరువిచ్చారు. తొలి భాగంలో రోచ్‌తో పాటు ఉన్న ఫిలిప్ లోరీ పేరిట వేరే తరహా రికార్డు నమోదైంది. 1968లో సీరియల్ వదిలిన ఆయన 43 ఏళ్ల విరామం తర్వాత 2011లో అదే డెనిస్ టానర్‌గా తిరిగొచ్చి, మూడేళ్లకు మళ్లీ వెళ్లిపోయారు.