జోస్ డె పావ్: మాటల్లేని నటుడు రచయితైన కథ

మొన్నామధ్య మా టీమ్‌లో ఇద్దరికి ఉద్యోగాలు పోయాయి. ఆ రాత్రి నిద్ర పట్టక ఏదో ఒకటి చూద్దామని కూర్చుంటే ఓ బెల్జియం సినిమా దొరికింది. 2000 లో వచ్చిన "ఎవ్రీబడీస్ ఫేమస్". అందులో జాన్ అనేవాడు సీసాల ఫ్యాక్టరీలో కార్మికుడు. కూతురు మార్వాని పెద్ద గాయనిని చెయ్యాలని పిచ్చి. ఆ పిల్లేమో పోటీకి వెళ్ళిన ప్రతిసారీ ఓడిపోయి వస్తుంది. ఇంతలో ఉద్యోగం ఊడుతుంది. దాంతో మనవాడు ఏకంగా ఒక పాప్ సింగర్‌ని ఎత్తుకుపోతాడు!! అడిగేది డబ్బు కాదు, తను కట్టిన పాట కూతురి చేత పాడించాలని.

కిడ్నాపర్ మీద జాలి పడటమేమిటి అనుకుంటూనే చివరిదాకా చూశాను. ఉద్యోగం పోయినవాడి మొహంలో ఉండే ఆ బింకం, "నాకేం కాలేదు" అన్నట్టు నడిచే నడక... ఎవర్రా ఈ నటుడు అని వెతికితే తేలిన పేరు జోస్ డె పావ్. ఆ సినిమా 2001 లో ఉత్తమ విదేశీ చిత్రం ఆస్కార్‌కి నామినేట్ అయింది కూడా. (అవార్డు "క్రౌచింగ్ టైగర్" పట్టుకుపోయింది లెండి.)

డె పావ్ 1952 లో బ్రస్సెల్స్ పక్కనే ఉన్న ఆస్సెలో పుట్టాడు. అది ఫ్లాండర్స్ ప్రాంతం, అంటే బెల్జియంలో డచ్ మాట్లాడే ఉత్తర భాగం అన్నమాట. 1970 ల్లో స్నేహితులతో కలిసి "రాడైస్" అనే నాటక బృందం నడిపాడు. వాళ్ళ హాస్యానికి మాటలే ఉండవు, అంతా ఒంటితోనే. భాష అడ్డం రాదు కాబట్టి దేశాలు తిరిగారు. బాగా నడుస్తుండగానే 1984 లో ఆపేశారు. నడుస్తున్న ప్రాజెక్టుని మనమైతే ఆపుతామా?

తర్వాత 1987 లో డొమినిక్ డెరుడెరే తీసిన "క్రేజీ లవ్". అమెరికన్ రచయిత బుకోవ్‌స్కీ రచనల ఆధారంగా ఒక మనిషి జీవితంలోని మూడు రాత్రుల కథ. మొహం నిండా మొటిమలున్న కుర్రాడిగా, తాగుబోతుగా మారిన పెద్దవాడిగా కూడా డె పావే చేశాడు. అప్పటికే ముప్పై దాటిన మనిషి విద్యార్థి వేషం వెయ్యడం మనకేం కొత్త కాదనుకోండి! కాకపోతే ఇక్కడ మేకప్ అందంగా కనిపించడానికి కాదు, చూడలేకుండా చెయ్యడానికి. "ఎవ్రీబడీస్ ఫేమస్" తీసిందీ ఈ డెరుడెరేయే.

నన్ను ఆశ్చర్యపరిచింది మాత్రం ఆయన రాతలు. నోరు విప్పకుండా పేరు తెచ్చుకున్నవాడు పీటర్ ఫాన్ క్రైతో కలిసి నాటకం రాశాడు, 1992 లో "వినయ" అనే సినిమాకి దర్శకత్వం వహించాడు. 2000 లో తన రచనలు పుస్తకంగా వేస్తే దానికి పెట్టిన పేరు "వెర్క్", అంటే పని. తెర మీద పని పోయినవాడిగా కనిపించిందీ అదే ఏడాది. మన ఆఫీసుల్లో "ఫుల్ స్టాక్" అంటే ఒక జీతానికి ముగ్గురి పని. డె పావ్‌ది ఆ బాపతు కాదని నా అభిప్రాయం. నటన, రాత, దర్శకత్వం అన్నిట్లో ఆయన తేల్చుకోవాలనుకున్నది ఒకటే: మాట తీసేస్తే మనిషిలో ఏం మిగులుతుంది, పెడితే ఏం మారుతుంది?

ఇది నా ఊహే అనుకోండి, కానీ 2001 లో ఆయన చేసిన "ఊబుంగ్" చూస్తే మీకూ అదే అనిపిస్తుంది. ఆ జర్మన్ మాటకి అర్థం సాధన. తెర మీద శబ్దం లేని సినిమా. అందులో పెద్దవాళ్ళు విందుకి చేరి, తాగి, ఒకరినొకరు గుచ్చుకుంటూ ఉంటారు. తెర ముందు స్టేజి మీద పిల్లలు. ఆ పెద్దవాళ్ళని అనుకరిస్తూ, వాళ్ళ మాటలన్నీ అక్కడికక్కడే డబ్బింగ్ చెప్తారు, పన్నెండేళ్ళ గొంతులతో.