గండికోట సీమ నుండి వాహిని దాకా: కె.వి. రెడ్డి చిత్రరచనలో నిర్వాహక దృష్టి

తెలుగు చలనచిత్రాన్ని సాహిత్య పాఠ్యంగా పరిశీలించే వ్యాసాలలో సంభాషణలకూ పాటలకూ దక్కిన స్థానం నిర్మాణ నిర్వహణకు దక్కలేదు. తెర వెనుక లెక్కలు చూసే పని సాహిత్య విమర్శ పరిధిలోనిది కాదన్న భావన ఇందుకు కారణం. కదిరి వెంకటరెడ్డి (1912-1972) వృత్తి జీవితం ఈ భావనను పునఃపరిశీలించవలసిన అవసరాన్ని చూపుతుంది.

కె.వి. రెడ్డి తాడిపత్రి ప్రాంతీయుడు. తాడిపత్రిని దాటిన పెన్నానది దిగువన గండికోట లోయలోకి ప్రవేశిస్తుంది. తాడిపత్రిలోని బుగ్గ రామలింగేశ్వర, చింతల వెంకటరమణ ఆలయాలు గండికోటను ఏలిన పెమ్మసాని నాయకుల నిర్మాణాలు. కోటకూ ఈ పట్టణానికీ గల చారిత్రక సంబంధానికి అవి సాక్ష్యాలు. వాహిని సంస్థకు మూలస్తంభాలైన వారిలో మూలా నారాయణస్వామిది తాడిపత్రి, బి.ఎన్. రెడ్డిది కడప జిల్లా పులివెందుల ప్రాంతం. మద్రాసులో వెలసిన ఆ సంస్థ వెనుక రాయలసీమ స్నేహాలూ పెట్టుబడీ ఉన్నాయి.

కె.వి. రెడ్డి చిత్రరంగ ప్రవేశం దర్శకుడిగా జరగలేదు. ‘గృహలక్ష్మి’ (1938) నిర్మాణ కాలంలో ఆయన నగదు లెక్కలు చూశారు. తరువాత వాహిని వారి ‘వందేమాతరం’ (1939), ‘సుమంగళి’ (1940), ‘దేవత’ (1941) చిత్రాలకు నిర్మాణ నిర్వాహకులుగా పనిచేశారు. నటీనటుల తేదీలు, సెట్ల వ్యయం, ముడిఫిల్ము వినియోగం వంటివన్నీ నిర్వాహకుని బాధ్యతలే. మూలా నారాయణస్వామి ప్రోత్సాహంతో ‘భక్త పోతన’ (1943)కు దర్శకత్వం వహించే నాటికే సన్నివేశం విలువతో పాటు దాని ఖర్చు కూడా తెలిసిన వ్యక్తి ఆయన.

ఈ అనుభవం రచనాపద్ధతిగా పరిణమించింది. చిత్రీకరణకు ముందే సంపూర్ణ చిత్రానువాదాన్ని సిద్ధం చేసుకోవడం, ప్రతి సన్నివేశాన్నీ గడియారంతో కొలిచి నిడివిని నిర్ణయించడం ఆయన నియమాలుగా ప్రసిద్ధి పొందాయి. ఈ నియమాలు పొదుపు కోసమే ఏర్పడినా, వాటి ఫలితం కథన శిల్పంలో కనిపిస్తుంది. రచయిత పింగళి నాగేంద్రరావుతో ‘గుణసుందరి కథ’ (1949) నుండి సాగిన సహకారంలో మాటల క్లుప్తతకు ఈ కొలత తోడ్పడిందని భావించవచ్చు.

‘మాయాబజార్’ (1957) ఇందుకు ప్రబల నిదర్శనం. మహాభారత పాత్రలతో నడిచే ఈ కథలో పాండవులు తెరపై కనిపించరు. కథకు అవసరమైన సమాచారం ఇతర పాత్రల మాటల ద్వారానే ప్రేక్షకునికి అందుతుంది. దీనిని కేవలం చమత్కారంగా భావించడం కన్నా, అనవసరమైన దానిని పరిహరించే నిర్వాహక దృష్టి కథన సూత్రంగా మారిన తీరుగా గ్రహించడం సమంజసం. మార్కస్ బార్ట్లే ఛాయాగ్రహణం, గోఖలే, కళాధర్‌ల కళాదర్శకత్వం ఫలవంతం కావడానికి కూడా ముందస్తు ప్రణాళికే ఆధారం.

అయితే ఈ పరిశీలన రచయిత ప్రతిభను తగ్గించదు. కావ్యచరిత్రలో పోషకునికీ లేఖకునికీ స్థానమిచ్చిన సాహిత్య పరిశోధన, చలనచిత్ర పాఠ్యం విషయంలో నిర్వాహకుని విస్మరించడం సమర్థనీయం కాదు. సమష్టి కళలో పాఠ్య కర్తృత్వాన్ని నిర్ణయించవలసి వచ్చినప్పుడు కలంతో పాటు లెక్కల పుస్తకాన్ని కూడా ఆధారంగా స్వీకరించాలి. కె.వి. రెడ్డి ప్రస్థానం ప్రతిపాదిస్తున్న పరిశోధన మార్గం ఇదే.