ఒక ఎం.ఏ. సిద్ధాంత వ్యాసం, ఒక మిషనరీ అధ్యాపకుడు

సిద్ధాంత వ్యాసాన్ని పట్టా కోసం తీర్చవలసిన ఋణంగా భావించే విద్యార్థులు మన సెమినరీలలో లేకపోలేదు. అట్టి వ్యాసం ఏమి చేయగలదో గ్రహించుటకు 1908లో మద్రాసులో జరిగిన ఒక సంగతిని మనం పరిశీలిద్దాం.

1857లో స్థాపించబడిన కలకత్తా, బొంబాయి, మద్రాసు విశ్వవిద్యాలయాలు లండన్ విశ్వవిద్యాలయాన్ని మాదిరిగా తీసుకొన్నాయి. అవి ముఖ్యంగా పరీక్షలు జరిపి పట్టాలు ఇచ్చేవి, బోధన కళాశాలలది. కావున ఎం.ఏ. విద్యార్థిని తీర్చిదిద్దినది కళాశాల అధ్యాపకుడే.

తిరుత్తణిలో తెలుగు కుటుంబంలో 1888లో జన్మించిన సర్వేపల్లి రాధాకృష్ణన్ వేలూరు మిషన్ కళాశాలలో చదివి, మద్రాసు క్రైస్తవ కళాశాలలో చేరారు. తత్వశాస్త్రం ఆయన కోరి ఎంచుకొన్నది కాదు. పుస్తకాలు కొనే స్తోమత లేనందున, బంధువు ఇచ్చిన పాఠ్యపుస్తకాలే ఆయన మార్గాన్ని నిర్ణయించాయి.

హిందూమతంపై మిషనరీల విమర్శలు ఆ యువకుణ్ణి కలవరపరచాయి. జగత్తు మిథ్య అనే వేదాంతంలో నీతికి చోటు లేదన్నది వాటిలో ఒకటి. దానికి జవాబుగా, వేదాంత నీతి గూర్చియు దాని తాత్విక పునాదుల గూర్చియు ఆయన ఎం.ఏ. వ్యాసం వ్రాశారు. దానిని చదవవలసినవారు స్కాట్లాండు మిషనరీ, ఆల్‌ఫ్రెడ్ జార్జ్ హాగ్. గురువు నొచ్చుకొంటారేమోనని శిష్యుడు భయపడ్డారు. అయితే హాగ్ ఆ వ్యాసాన్ని మెచ్చుకొన్నారు.

ఈ మెప్పును మనం తేలికగా తీసుకొనరాదు. హాగ్ తన విశ్వాసాన్ని విడువలేదు. కర్మ సిద్ధాంతాన్ని, క్రైస్తవ విమోచనను సరిపోల్చిన ఆయన గ్రంథం 1909లో వెలువడింది. అనగా అదే చర్చలో ఆయన అవతలి పక్షాన నిలిచి, ఎదుటి వాదంలోని బలాన్ని బలంగానే గుర్తించారు.

రాధాకృష్ణన్ 1909లో మద్రాసు ప్రెసిడెన్సీ కళాశాలలో అధ్యాపకులయ్యారు. 1931 నుండి 1936 వరకు ఆంధ్ర విశ్వవిద్యాలయ ఉపాధ్యక్షులుగా ఉన్నారు. హాగ్ 1938 తాంబరం మిషనరీ మహాసభ సందర్భంగా హెండ్రిక్ క్రేమర్‌తో విభేదించి, క్రైస్తవేతరులలోనూ నిజమైన విశ్వాసం ఉండగలదని వాదించారు. దీనికి ఆ శిష్యుడే కారణమని మనం చెప్పలేము. అయితే ఇతరులు చెప్పేది వినే అలవాటు ఆయనకు ముప్పది ఏండ్ల నాడే ఉన్నదని చెప్పగలము.

మన విద్యార్థి మనకు నచ్చని ముగింపుతో వ్యాసం తెచ్చినప్పుడు, మనం ముందుగా చూచేది అతని ఆధారాలనా, అతని పక్షాన్నా? పరిశోధనా పట్టాకు విలువ కట్టేది ఈ ప్రశ్నయే.