మనామాలో పుట్టిన హిందీ తార జాక్వెలిన్ ఫెర్నాండెజ్

గల్ఫ్‌లో ఉంటున్న మన తెలుగు కుటుంబాల్లో పిల్లల చదువు పన్నెండో తరగతికి వచ్చేసరికి ఒక ప్రశ్న తప్పదు. వీళ్ళు తర్వాత ఎక్కడికి వెళ్ళాలి? పుట్టి పెరిగిన దేశం వారిది కాదు. అమ్మానాన్నల దేశం వారికి సెలవుల్లోనే తెలుసు. సరిగ్గా ఇలాంటి ఇంటి నుంచి వచ్చి హిందీ సినిమాల్లో నిలదొక్కుకున్న నటి జాక్వెలిన్ ఫెర్నాండెజ్. పుట్టింది బహ్రెయిన్‌లో, పౌరసత్వం శ్రీలంకది, పేరు తెచ్చింది భారతదేశం.

బాల్యం, చదువు

జాక్వెలిన్ 1985 ఆగస్టు 11న బహ్రెయిన్ రాజధాని మనామాలో జన్మించారు. తండ్రి శ్రీలంకలోని బర్గర్ వర్గానికి చెందిన సంగీతకారుడు. అంటే యూరోపియన్ మూలాలున్న కుటుంబం. తల్లి వైపు మలేషియా, కెనడా మూలాలున్నాయి. శ్రీలంకలో సింహళీయులకు, తమిళులకు మధ్య ఘర్షణలు ముదిరిన 1980లలో తండ్రి బహ్రెయిన్ చేరారు. నలుగురు పిల్లల్లో జాక్వెలిన్ ఆఖరివారు. బహ్రెయిన్‌లోని సేక్రెడ్ హార్ట్ స్కూల్లో చదివారు. 14 ఏళ్ళకే అక్కడి టీవీ కార్యక్రమాలకు వ్యాఖ్యాతగా వ్యవహరించారు.

అయితే బహ్రెయిన్‌లో పుట్టినంత మాత్రాన ఆ దేశ పౌరసత్వం రాదు. అది ప్రధానంగా తండ్రిని బట్టి వస్తుంది. 1963 నాటి పౌరసత్వ చట్టం ప్రకారం అరబ్బులు దరఖాస్తు చేసుకోవాలంటే 15 ఏళ్ళు, ఇతరులైతే 25 ఏళ్ళు అక్కడ నివసించి ఉండాలి. అరబిక్ బాగా తెలిసి ఉండాలి, సొంత పేరున స్థిరాస్తి కూడా ఉండాలి. అందుకే గల్ఫ్‌లో పుట్టిన చాలామంది పిల్లల్లాగే ఆమె కూడా పై చదువుకు బయటి దేశం వెళ్ళారు. ఆస్ట్రేలియాలోని సిడ్నీ విశ్వవిద్యాలయంలో మాస్ కమ్యూనికేషన్ చదివి, తర్వాత శ్రీలంకలో టీవీ రిపోర్టరుగా పనిచేశారు. 2006లో లాస్ ఏంజెలెస్‌లో జరిగిన మిస్ యూనివర్స్ పోటీల్లో శ్రీలంక తరఫున పాల్గొన్నారు.

సినీరంగ ప్రవేశం

2009లో మోడలింగ్ పని మీద భారత్ వచ్చినప్పుడు సుజయ్ ఘోష్ దర్శకత్వంలోని 'అలాదీన్'కు ఆడిషన్ ఇచ్చి ఎంపికయ్యారు. ఆ సినిమా పెద్దగా ఆడలేదు గానీ, ఆమెకు 2010లో ఉత్తమ నూతన నటిగా ఐఫా అవార్డు వచ్చింది. బ్యారీ జాన్ దగ్గర నటన నేర్చుకున్నారు. హిందీ కొత్తగా నేర్చుకోవలసి వచ్చింది. 'మర్డర్ 2' (2011) తొలి పెద్ద విజయం. ఆ తర్వాత 'హౌస్‌ఫుల్ 2' (2012), 'రేస్ 2' (2013) ఆమెను అగ్రతారల సరసన నిలబెట్టాయి.

తెలుగుతో బంధం

తెలుగులో కథానాయికగా నటించకపోయినా ఆమె విజయాల వెనుక మన సినిమాలున్నాయి. సల్మాన్ ఖాన్‌తో చేసిన 'కిక్' (2014), 2009లో సురేందర్ రెడ్డి దర్శకత్వంలో రవితేజ నటించిన 'కిక్'కు రీమేక్. తెలుగులో ఇలియానా చేసిన పాత్ర హిందీలో జాక్వెలిన్‌కు దక్కింది. ఇక 'జుడ్వా 2' (2017) మూలం 1997 నాటి 'జుడ్వా'. దానికి ఆధారం ఇ.వి.వి. సత్యనారాయణ 1994లో నాగార్జునతో తీసిన 'హలో బ్రదర్'. అదే 2017లో ఆమె నటించిన 'ఎ జెంటిల్‌మన్' దర్శకులు రాజ్, డీకే. ఈ తెలుగు జంట అమెరికాలో సాఫ్ట్‌వేర్ ఉద్యోగాలు వదిలి సినిమాల్లోకి వచ్చినవారే. 2019లో ప్రభాస్ 'సాహో'లో ఒక ప్రత్యేక గీతంలో ఆమె మన తెరపైనా కనిపించారు. 2022లో కన్నడ 'విక్రాంత్ రోణ'లోని పాట తెలుగు డబ్బింగ్‌లోనూ బాగా వినిపించింది.

మూడు దేశాల మధ్య

2022 ఆగస్టులో ఒక మనీ లాండరింగ్ కేసులో ఎన్‌ఫోర్స్‌మెంట్ డైరెక్టరేట్ ఆమెను నిందితురాలిగా చేర్చింది. తనకే పాపం తెలియదని ఆమె చెబుతూ వచ్చారు. అదే ఏడాది నవంబరులో ఢిల్లీ కోర్టు బెయిలు ఇచ్చింది. అప్పట్లో దేశం దాటాలంటే మాత్రం కోర్టు అనుమతి తీసుకోవలసి ఉండేది. డిసెంబరులో బహ్రెయిన్‌లోని తల్లిదండ్రులను చూసి రావడానికి దరఖాస్తు చేసి, తర్వాత వెనక్కి తీసుకున్నారు. ఆమె తల్లి 2025 ఏప్రిల్‌లో ముంబైలో కన్నుమూశారు. అదే ఏడాది 'ఫతే', 'హౌస్‌ఫుల్ 5' విడుదలయ్యాయి.

పలు భాషల మధ్య, పలు దేశాలవారి మధ్య పెరగడం గల్ఫ్ మన పిల్లలకిచ్చే ఆస్తి. జాక్వెలిన్ ఎక్కడికి వెళ్ళినా అక్కరకొచ్చింది అదే. కానీ ఇల్లు ఒక దేశంలో, పాస్‌పోర్టు మరో దేశానిది, ఉపాధి ఇంకో దేశంలో ఉన్నప్పుడు, కష్టకాలంలో కన్నవారిని చూడటానికి కూడా అనుమతి అడగవలసి రావచ్చు. పిల్లల భవిష్యత్తు గురించి ఆలోచించేటప్పుడు కాలేజీ సీటుతో పాటు ఈ సంగతి కూడా ఇంట్లో మాట్లాడుకోవలసిందే.