వైద్య చరిత్రలో గోరు

రోగి గోళ్లను పరిశీలించుట వైద్యులకు క్రొత్త పద్ధతి కాదు. మన చరకసంహితలో పాండురోగ లక్షణములు చెప్పుచోట గోళ్ల రంగు పేర్కొనబడినది. గోళ్ల ఆకారమును గమనించినవారిలో గ్రీకులు ప్రాచీనులు. రొమ్ములో చీముపట్టినవారి గోళ్లు వంగునని హిపోక్రటీసు పేరిట నున్న గ్రంథములలో సుమారు 2400 ఏండ్ల క్రిందటనే వ్రాసిరి.

1846లో ఫ్రెంచి వైద్యుడు బో గోటిపై పడు అడ్డగాడులకు కారణము చెప్పెను. తీవ్రమైన జబ్బులో గోటి పెరుగుదల కొంతకాలము ఆగును. ఆ గుర్తే గాడి. చేతిగోరు నెలకు సుమారు 3 మిల్లీమీటర్లు పెరుగును గనుక, గాడి జరిగిన దూరమును బట్టి జబ్బుపడిన కాలమును ఊహింపవచ్చును.

దక్షిణాఫ్రికా వైద్యుడు షామ్రోత్ తాను గుండెజబ్బు పడినపుడు తన గోళ్లనే గమనించి, 1976లో ఒక సులభ పరీక్షను ప్రకటించెను. రెండు చేతుల ఒకే వ్రేలి గోళ్లను వీపులు కలియునట్లు ఆనింపవలెను. నడుమ చిన్న సందు కన్పట్టనిచో ఊపిరితిత్తులను, గుండెను పరీక్ష చేయించుకొనవలెను.

గోరు చెంచావలె గుంటపడుట తరచు ఇనుము కొరతకు గుర్తు. అయితే సూళ్లూరుపేట వంటి వరిసీమలో, కాళంగి పరిసరముల మడులలో నాట్లువేయు స్త్రీల గోళ్లు నిత్యము నీటిలో నాని, అరిగి కూడ గుంటపడవచ్చును. కావున ‘ఇది పనివల్లనే’ యని ఉపేక్షింపవద్దనియు, గోరు చూచి తామే మందు నిర్ణయించుకొనవద్దనియు మా మనవి. రక్తపరీక్షతోనే నిజము తేలును.