సామాను సుంకము: మోటుపల్లి శాసనము నుండి విమానయానము వరకు

మనుష్యుడు ఊరు విడిచి పోవునపుడు ఒంటరిగా పోవుట అరుదు. అతని వెంట అతని మూటయు పోవును. ఆ మూటను మోసినవానికి ఎంత ఈయవలెనను ప్రశ్న బాటలు పుట్టిననాటి నుండియు ఉన్నదే. ఎద్దు వీపున వేసిననాడు లంబాడీ బాడుగ అడిగెను. ఏరు దాటిననాడు పడవవాడు కేవు పుచ్చుకొనెను. పొగబండి వచ్చిననాడు తూనిక గుమాస్తా రసీదు వ్రాసెను. నేడు విమానాశ్రయమున కాటా ముందు నిలిచి కిలోల లెక్కన చెల్లించుచున్నాము. ఈ కడపటి రుసుమును గూర్చియే నేడు వాదము ఎక్కువగా జరుగుచున్నది. ఇది కొత్తగా పుట్టిన అన్యాయమని ప్రయాణికులును, మోసిన బరువునకు తగిన వెలయేనని విమాన సంస్థలవారును చెప్పుచున్నారు. చరిత్రను పరిశీలించినచో ఈ రెండు మాటలలోను సగము నిజమే కలదని తోచును. సామానునకు రుసుము గొనుట కొత్త గాదు. ఆ రుసుము ఎంతయో బయలుదేరుటకు ముందే స్పష్టముగా తెలియకుండుటయు, కొంత సామాను ఉచితముగా పోవునను భరోసా క్రమముగా సన్నగిల్లుటయు కొత్తవి. ఈ విషయమును నిరూపించుటయే ఈ వ్యాసముయొక్క ఉద్దేశము.

తెలుగుదేశమున సుంకములను గూర్చిన శాసనములలో మోటుపల్లి అభయశాసనము మిక్కిలి ప్రసిద్ధమైనది. కాకతీయ గణపతిదేవుడు శా.శ. 1166న, అనగా క్రీ.శ. 1244-45లో, తూర్పు తీరమందలి మోటుపల్లి రేవున దీనిని వేయించెను. గాలివానకు కొట్టుకొనివచ్చి తీరమున తగిలిన ఓడల సరకును పూర్వరాజులు బలాత్కారముగా గైకొనుచుండిరనియు, తాను మాత్రము నియమితమైన సుంకము తప్ప అన్యము ముట్టననియు ఆ రాజు అందు ప్రకటించెను. ఎగుమతి దిగుమతులపై ముప్పదింట ఒక పాలు సుంకమని నిర్ణయించి, చందనము, కర్పూరము, ముత్యములు మున్నగు వస్తువులకు వేర్వేరు దరలను చెక్కించెను. ఆ సుంకము రాతిపై నున్నదన్న సంగతిని పాఠకులు ప్రత్యేకముగా గమనింపవలయును. ఓడ దిగిన పరదేశి వర్తకుడు అధికారి నోటిమాటకు లోబడి యుండనక్కరలేదు. తాను చెల్లింపవలసినది ఎంతయో తెలిసికొనియే అతడు సరకు దింపెను. అభయమను పేరు ఆ శాసనమునకు సార్థకమగుట ఈ కారణము చేతనే.

ఇక మన చంద్రపూరు ప్రాంతమునకు వత్తము. గోండు రాజుల రాజధానియైన ఈ చాందా నగరమునకు పొగబండి రాకమునుపు ధాన్యము, ఉప్పు, ప్రత్తి మున్నగునవి ఎద్దుల వీపులపై నడచెను. ఎద్దునకు ఇరువైపుల వ్రేలాడు గోనెకు తెలుగున పెఱిక యని పేరు. ఆ వృత్తి చేసినవారికిని ఆ పేరే నిలిచినది. 17వ శతాబ్దమున మన దేశమున సంచరించిన ఫ్రెంచి వర్తకుడు టావెర్నియే, పదివేలు పండ్రెండువేల ఎద్దులు గల లంబాడీ బిడారులను వర్ణించెను. తరువాతి కాలమున వార్ధా నదికి ఈవల నున్న బల్లార్‌పూరు మధ్యపరగణాలలోను, ఆవల నున్న రాజూరా హైదరాబాదు సంస్థానములోను ఉండెను. సంస్థానపు ఎల్ల దాటు సరకుపై వెలను బట్టి నూటికి 5 వంతున కరోడ్‌గిరి అను సుంకము ఉండెడిది. 1956లో రాష్ట్రముల పునర్వ్యవస్థీకరణ జరిగినపుడు రాజూరా హైదరాబాదు రాష్ట్రమునుండి విడిపోయి, పిదప చాందా మండలమున చేరెను.

మోటుపల్లి సుంకమును, కరోడ్‌గిరియు ప్రధానముగా సరకు వెలను బట్టి ఏర్పడినవి. పట్టు తెచ్చినవాడు ఎక్కువయు, జొన్నలు తెచ్చినవాడు తక్కువయు చెల్లించును. బరువును బట్టి రుసుము గొను పద్ధతి రైలుతో బలపడెను. కాటాకు పట్టును జొన్నయు ఒక్కటే. అందువలన బరువు లెక్క పేదవాని మూటపై మోపు భారము పాత సుంకముకంటె ఎక్కువ కావలసి యుండెను. ఆ భారమును తగ్గించినది రైలువారు ఏర్పరచిన ఉచిత పరిమితియే.

1929లో కాజీపేట-బల్లార్షా మార్గము పూర్తియగుటతో మద్రాసునకును ఢిల్లీకిని తెలుగుదేశము మీదుగా నేరు దారి ఏర్పడెను. గ్రాండ్ ట్రంక్ ఎక్స్‌ప్రెస్ నడచుటయు ఆ సంవత్సరముననే ఆరంభమయ్యెను. బొగ్గుగనుల పనికిని, 1945లో స్థాపితమైన బల్లార్‌పూరు కాగితపు మిల్లు పనికిని తెలుగువారు ఈ దారినే వచ్చిరి. వారు వచ్చినది చూచిపోవుటకు గాదు, ఉండుటకు. కావున వంటపాత్రలు, పరుపులు, బియ్యపు మూటలు, పిల్లల పుస్తకములు వారి వెంట వచ్చినవి. భారతీయ రైల్వేల నియమము ప్రకారము ద్వితీయ శ్రేణి ప్రయాణికుడు 35 కిలోలు, స్లీపరు శ్రేణివాడు 40 కిలోలు, ఏసీ మూడవ తరగతివాడు 40, రెండవ తరగతివాడు 50, మొదటి తరగతివాడు 70 కిలోలు ఉచితముగా కొనిపోవచ్చును. అంతకు మించిన సామానును ముందుగా నమోదు చేయించుకొన్నచో సామాను దరకు ఒకటిన్నర రెట్లును, చేయించుకొనక పట్టువడినచో ఆరు రెట్లును చెల్లింపవలయును. ధనికునికి హెచ్చు, పేదకు తగ్గు అను భేదము ఇందును ఉన్నమాట నిజమే. ఐనను మిక్కిలి తక్కువ టికెట్టు కొన్నవానికి సైతము 35 కిలోల హక్కు కలదు. ఆ హక్కు పట్టికలో అచ్చయి యున్నది.

రుసుముతోపాటు బాధ్యతయు వచ్చుననుట మరువరాదు. 1989 నాటి రైల్వే చట్టము ప్రకారము, రైల్వే ఉద్యోగి నమోదు చేసి రసీదు ఇచ్చిన సామాను పోయినచో రైల్వే బాధ్యత వహించును; ప్రయాణికుడు తన వెంటనే ఉంచుకొన్న సామాను పోయినచో రైల్వే ఉద్యోగుల నిర్లక్ష్యము నిరూపింపబడవలయును. విమానయానమునందును ఇట్టి సూత్రమే కలదు. బల్లార్షా మార్గము పూర్తియైన 1929లోనే, అక్టోబరు 12న, వార్సా నగరమున కుదిరిన అంతర్జాతీయ ఒడంబడిక అప్పగించిన సామానునకు ప్రత్యేక చీటి ఈయవలెననియు, నష్టమునకు కిలో 1కి 250 బంగారు ఫ్రాంకుల మేరకు విమాన సంస్థ బాధ్యత వహింపవలెననియు విధించెను. సామాను చీటి ఈ విధముగా రుసుమునకు ఆధారముగా గాక రక్షణకు ఆధారముగా పుట్టినది.

విమానయానమున బరువు మొదటినుండియు ముఖ్యమే. తొలినాళ్ల చిన్న విమానములలో సామానునే గాక ప్రయాణికుని సైతము తూచుట కలదు. 1949 జనవరి 30న ఆరంభమైన రాత్రి విమాన తపాలా పద్ధతిలో ఢిల్లీ, బొంబాయి, కలకత్తా, మద్రాసులనుండి వచ్చు విమానములు అర్ధరాత్రి మనకు దగ్గరనే యున్న నాగపూరున కలిసికొని తపాలా సంచులను మార్చుకొనెడివి. అట్టి కాలముననే అంతర్జాతీయ ప్రయాణమునందు సామాన్య తరగతికి 20 కిలోలు, మొదటి తరగతికి 30 కిలోలు ఉచితమను వాడుక స్థిరపడెను. టికెట్టు అనగా మనిషియు, అతని పెట్టెయు అని అందరికిని అర్థము.

ఈ అర్థము మారినది 2008లో అమెరికాయందు. ఆ సంవత్సరము జూలై నాటికి ముడిచమురు పీపా ధర 147 డాలర్లకు ఎగబ్రాకెను. ఇంధన వ్యయము భరింపలేమని చెప్పి, అమెరికన్ ఎయిర్‌లైన్స్ సంస్థ 2008 జూన్ 15నుండి మొదటి పెట్టెకే 15 డాలర్లు గొనసాగెను. తక్కిన పెద్ద సంస్థలలో పెక్కు దానిని అనుసరించెను. అదే సంవత్సరాంతమునకు చమురు ధర 40 డాలర్లకు లోపుగా పడిపోయెను. పెట్టె రుసుము మాత్రము పోలేదు. కారణము తొలగిన పిదప కార్యము నిలుచుట తర్కశాస్త్రమునకు విరుద్ధము గావచ్చును గాని, సుంకముల చరిత్రలో అది సాధారణమే. అమెరికా సంస్థలకు సామానువలన వచ్చిన రాబడి 2007లో సుమారు 46 కోట్ల డాలర్లుండగా, 2009లో 270 కోట్లకును, 2010లో 340 కోట్లకును, 2023లో సుమారు 700 కోట్లకును పెరిగెను. దీనికి మరియొక ఆకర్షణయు కలదు. ఆ దేశమున స్వదేశీ టికెట్టు ధరపై నూటికి 7.5 వంతున పన్ను కలదు. విడిగా గొను సామాను రుసుముపై ఆ పన్ను లేదు. పెట్టెలకు రుసుము లేదని చాటుకొనుచు వచ్చిన సౌత్‌వెస్ట్ సంస్థయు 2025 మే 28నుండి ఈ దారినే పట్టినది.

ప్రయాణికులపై దీని ప్రభావము ద్వివిధము. చేతిసంచితో పోవువానికి కొంత మేలు కలిగెను. ఇతరుల పెట్టెల వ్యయమును అతడు మోయనక్కరలేదు. కాని ఈ మార్పును పరిశీలించిన అర్థశాస్త్రవేత్తలు టికెట్టు ధర తగ్గినది నిజమే యైనను, రుసుము మేరకు తగ్గలేదని తేల్చిరి. అనగా పెట్టె అప్పగించువానికి మొత్తము వ్యయము పెరిగినది. రుసుము తప్పించుకొనగోరి జనులు బరువునంతయు చేతిసంచులలో కుక్కుటచే తల పైనుండు అరలు నిండిపోయి, ఎక్కుటకు ఆలస్యమగుట సాధారణమయ్యెను. అప్పగించు పెట్టెలు తగ్గుటవలన వానిని మోయు శ్రమయు, దారి తప్పు పెట్టెల సంఖ్యయు కొంత తగ్గెననుట రెండవ పక్షమున చెప్పదగిన మాట.

భారతదేశమున ఈ మార్పు దశలవారీగా వచ్చెను. 2013లో పౌర విమానయాన డైరెక్టరేట్ జనరల్ సామాను మున్నగు సేవలకు విడిగా వెల గొనుటకు అనుమతించెను. 2014లో ప్రైవేటు సంస్థలు ఉచిత పరిమితిని 20 కిలోలనుండి 15 కిలోలకు దించెను. అదనపు కిలో 1కి సుమారు 300 రూపాయలు గొనుచుండుటచే ప్రయాణికులు మొరపెట్టగా, 15 కిలోల పైన 20 కిలోల వరకు కిలోకు 100 రూపాయలకు మించరాదని 2016లో డైరెక్టరేట్ ఆజ్ఞాపించెను. విమాన సంస్థల అర్జీపై 2017లో ఢిల్లీ ఉన్నత న్యాయస్థానము ఆ పరిమితిని కొట్టివేసెను. 2021 ఫిబ్రవరిలో, పెట్టె అప్పగింపనివారికి చౌక టికెట్టు అమ్ముటకు అనుమతి లభించెను. అధిక పరిమితి నిచ్చుచు వచ్చిన ఎయిర్ ఇండియా, 2022 జనవరిలో టాటా సంస్థ చేతికి పోయిన పిదప, 2024లో తన చౌక టికెట్లకు 15 కిలోలనే నిర్ణయించెను.

దీని ఫలితము మన మండలమువారికి ఎట్లు తగులునో చూతము. చంద్రపూరునుండి విమానము ఎక్కగోరువాడు నాగపూరునకో హైదరాబాదునకో రైలున పోవుట వాడుక. బల్లార్‌పూరునుండి బెంగుళూరునకు ఉద్యోగమునకై పోవు యువకుని సంచి 25 కిలోలున్నదనుకొందము. స్లీపరు టికెట్టుతో నాగపూరు వరకు దానికి రుసుము లేదు. ఇంక 15 కిలోలు వేసికొన్నను లేదు. విమానాశ్రయమున అదే సంచిలో 10 కిలోలు అదనమగును. కిలోకు 300 రూపాయల పాత లెక్కను గొన్నను 3,000 రూపాయలు. ఒక్కొక్కప్పుడు టికెట్టు వెలయే అంతకు మించదు. ముందుగా వలపటము ద్వారా చెల్లించినచో ఒక దర, కాటా ముందు చెల్లించినచో హెచ్చు దర అను నియమము తెలియనివాడు మరింత నష్టపోవును. తరచుగా విమానము ఎక్కువాడు ఈ సంగతి ఎరుగును. మొదటిసారి ఎక్కువాడు ఎరుగడు. అందువలన ఈ రుసుము బరువుపైనే గాక అనుభవలేమిపైనను పడుచున్నది.

కరీంనగరు, నిజామాబాదు ప్రాంతములనుండి గల్ఫు దేశములకు పోవు శ్రామికుల విషయమును ఇట్టిదే. రెండు దినముల పనికై పోవు అధికారికి చేతిసంచి చాలును. రెండేండ్లు ఉండుటకు పోవు శ్రామికుడు ఆవకాయ, కారపు పొడులు, దుప్పట్లు మోసికొని పోవును. ఇల్లు వదలినవాని మూట అతని ఇంటిలో ఒక భాగము. ప్రవాసాంధ్రుల ఇండ్లలో తెలుగు వాచకములు, భాగవతములు, నిఘంటువులు చేరినది పెక్కుమార్లు ఇట్టి మూటలలోనే. పుస్తకము మిక్కిలి బరువైన వస్తువు. కిలోల లెక్క కఠినమైనకొలది సంచినుండి మొదట తీసివేయబడునది అదియే యని తెలుగు బోధించువారికి వేరుగా చెప్పనక్కరలేదు.

విమాన సంస్థల పక్షమును నిరాకరింపరాదు. బరువు పెరిగిన ఇంధనము ఖర్చగును. విమానయానమున లాభము స్వల్పము. మన దేశముననే కింగ్‌ఫిషర్ 2012లోను, జెట్ ఎయిర్‌వేస్ 2019లోను నిలిచిపోయెను. మోసిన బరువునకు వెల గొనుట వారి హక్కే. కాని హక్కు గల రుసుమునకు ప్రకటన ధర్మము కలదు. అమెరికా రవాణా శాఖ 2024 ఏప్రిలులో, టికెట్టు వెలతోపాటే సామాను రుసుమును చూపవలెనని నియమము చేసెను. అదే సంవత్సరము జూలైలో న్యాయస్థానము దాని అమలును నిలిపివేసెను. వాదము చట్టాధికారమును గూర్చినదైనను, మూలమున నున్న ప్రశ్న మోటుపల్లి నాటిదే: చెల్లింపవలసినది ఎంతయో బయలుదేరుటకు ముందే తెలియవలెనా, వద్దా?

పై చరిత్రనుండి రెండు సిద్ధాంతములు తేలుచున్నవి. రుసుము టికెట్టు వెల ప్రక్కనే, ఒకే పట్టికలో, ఒకే అక్షరములతో కనబడవలయును. మిక్కిలి చౌక టికెట్టు కొన్నవానికిని తగ్గింపరాని ఉచిత పరిమితి ఒకటి ఉండవలయును. రైలున 35 కిలోలు సాధ్యమైనపుడు విమానమున 15 కిలోలనైన శాశ్వతము చేయుట అసాధ్యము గాదు. గణపతిదేవుడు సుంకమును మానలేదు. దానిని లెక్కకు లోబరచి, అందరును చదువునట్లు రాతిపై నిలిపెను. నేటి ప్రయాణికుడు కోరునదియు అంతకంటె ఎక్కువ గాదు.